ధ్రువకాంతి రంగులు గాదంకి ఆకాశంలో

కృష్ణా జిల్లా కూచిపూడి సుమారు 16 డిగ్రీల ఉత్తర అక్షాంశంలో ఉన్నందువల్ల, విద్యుదావేశ కణాలు భూమి అయస్కాంత బలరేఖల వెంట ధ్రువ ప్రాంతాలకు చేరి పై వాతావరణాన్ని ఢీకొన్నప్పుడు వెలిగే ధ్రువకాంతులు ఆ ఊరివారికి కనిపించవు. అయితే ఆ కాంతుల్లోని ఆకుపచ్చకూ ఎరుపుకూ మూలమైన ఆక్సిజన్ పరమాణువులు తెలుగునేల మీది ఆకాశంలోనూ రాత్రివేళ అవే రంగుల్లో, కంటికి ఆనని మసక వెలుగుగా, ప్రకాశిస్తూనే ఉంటాయి.

ఆ రంగులను కెమెరా ఎలా పట్టుకుంటుందో ముందు ధ్రువకాంతిలోనే చూద్దాం. ధ్రువకాంతి ఫొటోకు ప్రాణం ఎక్స్‌పోజర్, అంటే సెన్సరు మీద వెలుగు పడనిచ్చే వ్యవధి. కెమెరాను ట్రైపాడ్ మీద నిలిపి, ఒక నక్షత్రాన్ని ఆధారం చేసుకొని చేత్తో ఫోకస్ సరిచేసి, ఎక్కువ వెలుగును రానిచ్చే లెన్సుతో 5 నుంచి 15 సెకన్ల పాటు తీయడం సాధారణ పద్ధతి. కానీ చురుగ్గా కదిలే ఆకుపచ్చ కాంతిని అంతసేపు తీస్తే దాని మడతలు చెరిగిపోతాయి. చాలీచాలని వేదిక వెలుగులో జతులాడే కూచిపూడి నర్తకి పాదాలను స్పష్టంగా తీయవలసినవారికి ఎదురయ్యే చిక్కే ఇది. ఎరుపు తీరు వేరు. ఆకుపచ్చను వెలువరించే పరమాణువు తాను పొందిన శక్తిని ఒక సెకనులోపే విడిచిపెడితే, ఎరుపును వెలువరించేది దాదాపు రెండు నిమిషాలు పట్టి ఉంచుకుంటుంది. గాలి దట్టంగా ఉన్నచోట ఆలోగా మరొక అణువు ఢీకొని ఆ శక్తిని లాగేసుకుంటుంది కాబట్టి, ఎరుపు ప్రధానంగా 200 కిలోమీటర్లకు పైనే నిలుస్తుంది, దాని అంచులూ మెత్తగా ఉంటాయి.

అంత ఎత్తున వెలిగేది కనుకనే అది చాలా దూరానికి కనిపిస్తుంది. 2024 మే 10, 11 తేదీల మధ్య రాత్రి భూ అయస్కాంత తుఫాను వచ్చినప్పుడు లద్దాఖ్‌లోని హాన్లేలో భారత ఖగోళ భౌతిక సంస్థ కెమెరాలు ఉత్తర దిక్కున ఎర్రని కాంతిని నమోదు చేశాయి.

తిరుపతి సమీపంలోని గాదంకిలో జాతీయ వాతావరణ పరిశోధన ప్రయోగశాల శాస్త్రవేత్తలు అటువంటి తుఫానులతో నిమిత్తం లేని ఎయిర్‌గ్లోను, అంటే పగటి ఎండకు విడిపోయిన కణాలు రాత్రి తిరిగి కలిసే క్రమంలో పుట్టే, మొదట చెప్పుకున్న ఆ మసక వెలుగును, చిత్రించారు. ఆకాశాన్ని విశాలంగా చూపే ఫిష్‌ఐ లెన్సు, ఒక్కొక్క రంగునే రానిచ్చే ఫిల్టర్లు, సొంత వేడి వల్ల చిత్రంలో మచ్చలు రాకుండా చల్లబరిచిన సెన్సరు ఇందుకు కావలసిన పరికరాలు. 630 నానోమీటర్ల ఎర్ర వెలుగులో తీసిన చిత్రాల్లో ఒక్కోసారి ఉత్తర దక్షిణాలుగా సాగిన నల్లని చారలు కనిపిస్తాయి. అవి పై వాతావరణంలోని విద్యుదావేశ పొర అయిన అయానోస్ఫియర్‌లో ఎలక్ట్రాన్లు బాగా తగ్గిపోయిన ప్లాస్మా బుడగలు, జీపీఎస్ సంకేతాలను చెదరగొట్టేవి కావడంతో, రంగుల హంగు లేని ఆ చిత్రాలు ధ్రువకాంతి ఫొటోలంత శ్రద్ధగా చూడదగినవి. వెన్నెల లేని నిర్మలమైన రాత్రులే ఈ పనికి అనువైనవి కావడం వల్ల, వానాకాలపు మబ్బుల్లో పరిశీలన తరచు ఆగిపోతుంది.