చిత్తూరు వకీలు, స్పీకర్ కుర్చీ

సత్యవేడు 1960 మార్చి 31 దాకా మన రాష్ట్రంలో లేదు. అప్పుడది మద్రాసు రాష్ట్రం, చెంగల్పట్టు జిల్లా. మర్నాటికి చిత్తూరు జిల్లాలోకి వచ్చింది. ఇప్పుడు తిరుపతి జిల్లా. శ్రీ సిటీ పరిశ్రమలకు భూములు సేకరించే రోజుల్లో ఈ సంగతి మాలాంటి వకీళ్లకు చేతినిండా పని పెట్టింది. ఇనుప పెట్టె అడుగు నుంచి తీసిన లింకు డాక్యుమెంట్లు తెచ్చి టేబుల్ మీద పరిచేవాళ్లు. అరవంలో రాసిన క్రయ దస్తావేజు, మడతల దగ్గర చిరిగిపోయి, పైన చెంగల్పట్టు జిల్లా అని ఉంటుంది. "మా మామ కొనిన భూమి సార్ ఇది. మనది చిత్తూరు జిల్లా గదా, ఇందులో ఇట్లెందుకుండాది?" అని ఒక పెద్దావిడ నిలదీసింది.

ఆమెకు సరైన జవాబు చెప్పాలంటే తిరుచానూరులో పుట్టిన ఒక వకీలు కథ ఎత్తుకోవాలి.

మాడభూషి అనంతశయనం అయ్యంగార్ 1891 ఫిబ్రవరి 4న పుట్టారు. మద్రాసు పచ్చయ్యప్ప కాలేజీలో చదివి, కొన్నాళ్లు లెక్కల మాస్టారుగా పనిచేసి, లా పూర్తిచేసి, 1915లో చిత్తూరులో ప్రాక్టీసు మొదలుపెట్టారు. తీర్పులన్నీ నోటికే చెప్పేవారని పేరు. మాకిప్పుడు ఫోన్లో వెతికితే తప్ప సైటేషన్ గుర్తుకు రాదు, కాబట్టి ఆ పేరు విలువ నాకు తెలుసు. గాంధీగారి పిలుపు మీద 1921లో ఏడాదిపాటు కోర్టు మానుకున్నారు. 1934లో కేంద్ర శాసనసభకు ఎన్నికయ్యారు. వ్యక్తి సత్యాగ్రహంలో ఒకసారి, క్విట్ ఇండియాలో మరోసారి జైలుకు వెళ్లారు. తర్వాత రాజ్యాంగ సభ సభ్యులు. 1952లో తిరుపతి నుంచి గెలిచి లోక్‌సభ మొదటి డిప్యూటీ స్పీకర్ అయ్యారు. 1956లో అప్పటి స్పీకర్ మావలంకర్ పోయాక ఆయనే స్పీకర్. 1957లో చిత్తూరు నుంచి మళ్లీ గెలిచారు.

ఆ తరంలో వలస దేశాలన్నింటా ఇదే దారి. ఈయన ఢిల్లీలో స్పీకర్‌గా ఉన్న కాలంలోనే అక్కడెక్కడో కరీబియన్ దీవుల్లో బార్బడోస్ బారిస్టరు గ్రాంట్లీ ఆడమ్స్ వెస్టిండీస్ ఫెడరేషన్‌కు ప్రధాని. తెల్లవాడి చట్టం చదివి, దాంతోనే తెల్లవాడితో వాదించినవాళ్లు వీళ్లంతా. తేడా ఏమిటంటే మన అయ్యంగారు చివరికి చేరిన కుర్చీలో వాదనకు చోటు లేదు. స్పీకర్ చర్చలో తన పక్షం చెప్పడు. రెండువైపులా ఓట్లు సమానమైతే తప్ప ఓటు కూడా వేయడు. ముప్పై ఏళ్లకు పైగా నోటితో బతికిన మనిషికి ఇది చిన్న శిక్ష కాదని నేననుకుంటాను.

ఆ శిక్ష ఎంతటిదో 1959లో తెలుస్తుంది. ఆంధ్ర, మద్రాసు సరిహద్దు తగాదా అప్పటికి ముదిరి ఉంది. అటువైపు మా.పొ.శివజ్ఞానం లాంటివాళ్లు తిరుత్తణి కోసం ఉద్యమాలు చేశారు. హెచ్.వి.పటాస్కర్ మధ్యవర్తిగా తేల్చిన ప్రకారం చిత్తూరు జిల్లా నుంచి తిరుత్తణి తాలూకాలో చాలా భాగం, పళ్లిపట్టు వైపు ఊళ్లు అటు పోవాలి. చెంగల్పట్టు నుంచి సత్యవేడు వైపు ఊళ్లు ఇటు రావాలి. ఆ మేరకు సరిహద్దుల మార్పు చట్టం 1959లో పార్లమెంటు దాటింది. లోక్‌సభ స్పీకర్ ఎవరు? చిత్తూరు ఎంపీ. రాజ్యసభ ఛైర్మన్ ఎవరు? తిరుత్తణిలో పుట్టిన సర్వేపల్లి రాధాకృష్ణన్. ఒకాయన జిల్లా కోతకు గురవుతోంది, ఇంకొకాయన పుట్టినూరు రాష్ట్రం మారుతోంది. ఇద్దరూ సభను నడిపించాల్సిన చోటే ఉన్నారు. ఇంత విచిత్రం కథలో రాస్తే సంపాదకుడు కొట్టేస్తాడు.

పెద్దావిడకు ఇదంతా చెప్పలేదు. "ఢిల్లీలో గీత మార్చినారమ్మా, నీ పత్రానికేం ఢోకా లేదు" అన్నాను.

స్పీకర్ కుర్చీ అయ్యంగారిని పూర్తిగా మౌనిని చేసిందనుకోకండి. 1961 ఆగస్టు 29న బ్లిట్జ్ పత్రిక సంపాదకుడు కరంజియా లోక్‌సభ ముందు నిలబడ్డాడు. సభ్యుడైన ఆచార్య కృపలానీ మీద ఆ పత్రికలో వచ్చిన రాత సభా హక్కులకు భంగమని తేలింది. సభ తరఫున మందలించింది అయ్యంగారే. పత్రికవాణ్ణి సభకు పిలిచి నిలబెట్టడం నాకు నచ్చే పని కాదు. కానీ ఆ బాధ్యత ఆయనది.

అదే ఏడు మే 6, 9 తేదీల్లో జరిగిందే నాకు ముఖ్యం. వరకట్న నిషేధ బిల్లు మీద రెండు సభలకూ ఏకాభిప్రాయం కుదరలేదు. దాంతో ఉభయ సభలూ ఒకేచోట కూర్చున్నాయి. మన రాజ్యాంగంలో అలాంటి మొట్టమొదటి సమావేశమది. బిల్లుల కోసం ఇప్పటిదాకా జరిగినవి మూడే. అధ్యక్షత అయ్యంగారిది. తగాదాల్లో పెద్దది, పెళ్లిలో ఇచ్చే కానుకలు కట్నం కిందికి వస్తాయా రావా అన్నది. పెళ్లికి బదులుగా ఇస్తే తప్ప కానుక కట్నం కాదని చివరికి ఒక వివరణ చేర్చారు. జూలై 1 నుంచి చట్టం అమలు. మరుసటేడు ఆయన బీహార్ గవర్నర్‌గా వెళ్లారు, 1967 దాకా అక్కడే ఉన్నారు. 1978లో కన్నుమూశారు.

ఆ వివరణను 1984లో తీసేశారు. అడగకుండా ఇచ్చిన కానుకలైతే ఒక జాబితా రాయాలన్నారు. ఏ వస్తువు, ఎంత విలువ, ఎవరిచ్చారు, కింద వధూవరుల సంతకాలు. శ్రీ సిటీ కంపెనీల్లో షిఫ్టులు చేసే అమ్మాయిలు కొందరు నా దగ్గరకొస్తారు. చేతిలో సొంత జీతం స్లిప్పు ఉంటుంది, ఆ జీతంలో దాచిందే పెళ్లికి పోయుంటుంది. జాబితా ఉందా అని అడుగుతాను. అలాంటిదొకటి రాయాలని వాళ్లకెవరూ చెప్పి ఉండరు. నాయన పాకెట్ నోట్‌బుక్ తెస్తారు. బంగారం ఇన్ని సవర్లు, బండి, బీరువా, మండపం అడ్వాన్సు, వంటవాళ్లకు ఇంత. అల్లుడి సంతకం మాత్రం ఎక్కడా ఉండదు. అవతలి వకీలు లేచి మొదట అడిగేదీ దాని గురించే. ఇవన్నీ మీరు ప్రేమతో ఇచ్చినవే కదమ్మా అంటాడు.