బర్తరఫు తాఖీదుపై చివరి మాట ఎవరిది?

దిల్‌సుఖ్‌నగర్ వీధులలో పోటీ పరీక్షల శిక్షణాలయములు ఒకదాని నానుకొని మరియొకటి వెలసి ఉన్నవి. జిల్లాలనుండి వచ్చి అద్దె గదులలో తలదాచుకొన్న యువతీ యువకులు అక్కడ రాజ్యాంగమును వల్లెవేయుచుందురు. 311వ అధికరణ మేమి చెప్పుచున్నదని అడిగినచో, ప్రభుత్వోద్యోగికి రక్షణ అని క్షణములో బదులు చెప్పుదురు. దానికొక మార్కు వచ్చును. ఉద్యోగము రాకముందే దానిని కాపాడు సూత్రమును నేర్చుకొనుట మంచిదే. కాని ఆ రక్షణ ఎంతవరకు నిలుచునో, ఎక్కడ జారిపోవునో ఆ ఒక్క మార్కులో ఇమడదు.

అదే దిల్‌సుఖ్‌నగర్‌లో ఆర్టీసీ డిపో కూడ ఉన్నది. 2019 అక్టోబరు 5న తెలంగాణ ఆర్టీసీ కార్మికులు సమ్మెకు దిగగా, గడువులోగా విధులలో చేరనివారు తమంత తామే ఉద్యోగములు పోగొట్టుకొన్నట్లేనని నాటి ముఖ్యమంత్రి కె. చంద్రశేఖరరావు ప్రకటించిరి. దాదాపు 48 వేల మందిని గూర్చిన మాట అది. "సెల్ఫ్ డిస్మిస్" అని అందరి నోట నలిగినది. బర్తరఫు చేయుట సకర్మక క్రియ. చేయువాడొకడు, దానికి గురియగువాడు మరియొకడు. ఇద్దరిని ఒక్కనిగా కలిపివేసిన ఈ ప్రయోగము వ్యాకరణమునకే గాక న్యాయమునకును మింగుడుపడనిది. ఆ ప్రకటనకు ముందు ఒక్కొక్కరికి అభియోగ పత్ర మిచ్చుట గాని, సంజాయిషీ వినుట గాని జరుగలేదు. నవంబరు 25న సమ్మె విరమింపబడినది; 28న వారిని తిరిగి తీసికొన ప్రభుత్వము నిశ్చయించినది; మరునాడు వారు విధులలో చేరిరి. నడుమ దాదాపు రెండు నెలలు తమకు కొలువున్నదో లేదో తెలియక ఆ కుటుంబములు గడపినవి.

నిజమునకు కార్పొరేషను ఉద్యోగికి 311వ అధికరణము వర్తింపదు. దాని నీడ ప్రభుత్వపు సివిల్ కొలువులలో ఉన్నవారికే: గుమాస్తాకు, తహసీల్దారుకు, ప్రభుత్వ పాఠశాల ఉపాధ్యాయునికి. ప్రభుత్వోద్యోగి రాష్ట్రపతి లేక గవర్నరు ఇష్టమున్నంత వరకే కొలువులో ఉండునని 310వ అధికరణ మనుచున్నది. ఆ ఇష్టమునకు కళ్లెము వేయునది 311. నియమించిన అధికారికంటె తక్కువ అధికారి బర్తరఫు చేయరాదు; అభియోగములను తెలిపి, సమాధానము చెప్పుకొనుటకు తగిన అవకాశ మీయక చేయరాదు. ఈ రక్షణకు మూలము ఆంగ్లేయుల కాలమునాటి 1919, 1935 చట్టములలోనే ఉన్నది. నేరము రుజువై శిక్షపడినపుడు, విచారణ సాధ్యము కానపుడు, రాజ్యభద్రతకు భంగమగునపుడు మాత్రము విచారణ అక్కరలేదు. ఈ మినహాయింపులను సుప్రీంకోర్టు 1985లో తులసీరామ్ పటేల్ కేసులో సమర్థించినది. అయినను విచారణ అసాధ్యమన్న సాకుతో తొలగింపబడినవాడు అప్పీలులోనైనను విచారణ కోరవచ్చునని చెప్పినది.

అప్పీలు అనగా పైవానికి మొర పెట్టుకొనుట. ఆ పైవాడే ప్రతివాదియైనచో? ఈ విచిత్రము తెలుగునాట నిజముగా జరిగినది. 1973లో 32వ సవరణ ద్వారా 371-డి అధికరణము రాజ్యాంగమున చేరినది. దాని ననుసరించి ఆంధ్రప్రదేశ్ ఉద్యోగుల వివాదములకై ఒక పరిపాలనా ట్రిబ్యునలు ఏర్పడినది. హైకోర్టు తలుపు తట్టనక్కరలేకుండ ఉద్యోగికి త్వరగా న్యాయము దొరకునని ఆశ. కాని ఆ అధికరణపు ఐదవ ఖండములో ఒక మెలిక ఉండెను: ట్రిబ్యునలు తీర్పు ప్రభుత్వము ధ్రువీకరించిన పిమ్మట గాని, మూడు నెలలు గడచిన పిమ్మట గాని అమలులోకి రాదు, ఈలోగా ప్రభుత్వము ఆ తీర్పును మార్చవచ్చును, రద్దు చేయవచ్చును. బర్తరఫు చేసినది ప్రభుత్వము, దావాలో ఓడినది ప్రభుత్వము, ఆ ఓటమిని కొట్టివేయునదియు ప్రభుత్వమే! కుస్తీలో క్రిందపడినవాడే లేచి గెలుపు తనదని చాటుకొన్నట్లున్నది గదా.

పి. సాంబమూర్తి కేసులో 1986 డిసెంబరులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనము ఆ ఖండమును కొట్టివేసినది. వ్యాజ్యములో ఒక పక్షమైన ప్రభుత్వము తనకు వ్యతిరేకమైన తీర్పును తానే తుడిచివేయుట న్యాయపాలనకే విరుద్ధమని తేల్చినది. రాజ్యాంగ సవరణ రూపమున వచ్చినదైనను ఆ ఖండము నిలువలేదు. ఉపాధ్యాయులు పౌరశాస్త్రములో మౌలిక స్వరూప సిద్ధాంతమును బోధించునపుడు కేశవానంద భారతి కేసుతో ఆగిపోవుదురు; మన గుమాస్తాల బ్రతుకును తాకిన ఈ కేసును గూడ చెప్పదగును.

మరియొక తీర్పు హైదరాబాదు నగరపు ఈశాన్య భాగముననున్న ఇ.సి.ఐ.ఎల్. కర్మాగారమునుండి వచ్చినది. శిక్షను గూర్చి ఉద్యోగికి రెండవసారి నోటీసు ఇచ్చు పద్ధతిని 1976 నాటి 42వ సవరణ తీసివేసెను. ఆపైన విచారణాధికారి నివేదిక శిక్షించు అధికారి బల్లమీదికి పోయెడిది. నిందితుని కంట పడెడిది కాదు. దోషమెట్లు రుజువైనదో చూడనివాడు దేనిని ఖండించును? బి. కరుణాకర్ కేసులో 1993 అక్టోబరు 1న ఐదుగురు న్యాయమూర్తులు, శిక్షకు ముందే ఆ నివేదిక ప్రతిని ఉద్యోగి చేతికీయవలెననిరి. ప్రభుత్వ శాఖలకే గాక కార్పొరేషన్లకును ఇది వర్తించును. అయితే నివేదిక అందనంత మాత్రమున ఉత్తర్వు దానంతటదే చెల్లకపోదు. అందువలన ఉద్యోగికి నష్టము కలిగినదా అని కోర్టు చూచును. 1990 నవంబరు 20కి పూర్వపు శిక్షలకు ఈ సూత్రము చెందదనియు నిర్ణయించిరి. ఒక్క తేదీకి ఆవల ఉన్నందున ఎందరో దాని ఫలము నందుకొనలేకపోయిరి.

తెలంగాణ ఉద్యోగులకు సంబంధించినంతవరకు ఆ ట్రిబ్యునలు 2016లో ముగిసినది. దానిలోని కేసులు హైకోర్టుకు చేరినవి. ఎల్.బి. నగర్‌లో రంగారెడ్డి జిల్లా న్యాయస్థానములు చేరువలోనే ఉన్నను, బర్తరఫైన ప్రభుత్వోద్యోగి సాధారణముగా శాఖాపరమైన అప్పీలు ముగించుకొని హైకోర్టులో రిట్టు వేయవలసి ఉండును. కేంద్రోద్యోగికి ఆ అప్పీలు గడువు ఉత్తర్వు ప్రతి అందిన నాటినుండి 45 దినములు. హైకోర్టు సాక్ష్యమును మరల తూచదని, విచారణ సక్రమముగా జరిగినదా అని మాత్రమే చూచునని శ్రీరామారావు కేసులో 1963లోనే ఖాయమైనది. సాక్షిని విచారణ గదిలోనే ప్రశ్నింపవలెను. హైకోర్టు ముందునకు ఆ సాక్షి రాడు. అక్కడికి చేరునది ఛార్జిషీటు, సంజాయిషీ నకలు, విచారణ నివేదిక, అప్పీలుపై వచ్చిన ఉత్తర్వు గల కాగితముల కట్ట మాత్రమే.