ప్రాణముగల గణనయంత్రము

1983వ సంవత్సరమున అమెరికా రచయిత గ్రెగ్ బేర్ ‘బ్లడ్ మ్యూజిక్’ అను కథను ప్రకటించి, రెండేండ్ల పిదప దానిని నవలగా విస్తరించెను. అందు వర్జిల్ ఉలమ్ అను శాస్త్రజ్ఞుడు తన రక్తమునందలి తెల్లకణములను ఆలోచింపగల సూక్ష్మ గణనయంత్రములుగా మార్చును. వానిని నాశనము చేయుమని యజమానులు ఆజ్ఞాపింపగా, విడువజాలక తన దేహములోనికే ఎక్కించుకొనును. లోపల అవి వృద్ధిపొంది, తొలుత అతనిని, పిదప ఇరుగుపొరుగువారిని, తుదకు ఉత్తర అమెరికా ఖండమునే తమ రూపమునకు మార్చివేయును. పాఠకులు సాధారణముగా భీతిల్లునది ఈ వ్యాప్తికే. నాకు మాత్రము మరియొక అంశము ముఖ్యముగా తోచుచున్నది. కథలో కణములనిచ్చినవాడును, వానితో ప్రయోగము చేసినవాడును ఒక్కడే; మానవ నాడీకణములతో గణనము చేయించు నేటి ప్రయోగశాలలలో వారు వేర్వేరు మనుష్యులు.

గణనమునకు వాడుచున్న మానవ నాడీకణములను ఎవరి తల తెరచియు తీయలేదు. జపాను శాస్త్రజ్ఞుడు షిన్యా యమనక 2006లో ఎలుక చర్మకణములను, మరుసటి యేడు మనుష్యుని చర్మకణములను, నాలుగు జన్యువుల సాయముతో, ఏ అవయవముగానైనను మారగల పిండదశకు మరల్చెను. 2012లో ఆయనకు జాన్ గర్డన్‌తోపాటు నోబెల్ బహుమానము లభించెను. ఈ పద్ధతివలన, దాత ఇచ్చిన రవంత చర్మమునుండియో, కొద్దిపాటి రక్తమునుండియో నాడీకణములను కావలసినన్ని పెంచవచ్చును.

మెల్బోర్నులోని కార్టికల్ ల్యాబ్స్ సంస్థకు చెందిన బ్రెట్ కాగన్ ప్రభృతులు ఇట్టి మానవకణములను, ఎలుక పిండముల నాడీకణములను తీసికొని, ఒక్కొక్క పాత్రలో సుమారు 8 లక్షల కణములను ఎలక్ట్రోడులు పొదిగిన చిప్పుపై పెంచి, వానిచేత ‘పాంగ్’ అను పాత వీడియో ఆట ఆడించి, 2022 అక్టోబరులో ఆ ఫలితములను వెల్లడించిరి. బంతి ఎచ్చట నున్నదో కొన్ని ఎలక్ట్రోడుల విద్యుత్స్పందనములు కణములకు తెలుపును. వేరొక భాగమున కణములు తామై పుట్టించు స్పందనములనుబట్టి బంతిని కొట్టు పలక పైకో క్రిందికో జరుగును. బంతి పలకకు తగిలినచో కణములకు క్రమబద్ధమైన, ముందుగా ఊహింపదగిన ప్రేరణ అందును. తప్పినచో కొన్ని క్షణములపాటు తీరుతెన్ను లేని విద్యుదలజడి కలుగును. ఇంతకుమించి బహుమానము లేదు, శిక్ష లేదు. అయినను అయిదు నిమిషముల ఆటలోనే అవి బంతిని మునుపటికంటె ఎక్కువసార్లు వరుసగా తిప్పికొట్టసాగినవి. జీవవ్యవస్థ తన పరిసరములలోని అనిశ్చితిని తగ్గించుకొనజూచునని కార్ల్ ఫ్రిస్టన్ ప్రతిపాదించిన సిద్ధాంతము ఈ ప్రయోగమునకు ఆధారము. కణములకు సంవేదన గలదని ఆ పత్రకర్తలు వ్రాయగా, పలువురు శాస్త్రజ్ఞులు ఆక్షేపించిరి. ఆ ఆక్షేపణ న్యాయమైనదే. ఆటలో మెరుగుపడినంతమాత్రమున అనుభూతి గలదని తేలదు. కాని లేదని నిర్ధారించుటకు వలయు కొలబద్దయు మనకింకను దొరకలేదు.

కణములతో గణనము చేయించు ఈ ప్రయాసకు ముఖ్యకారణము విద్యుచ్ఛక్తిని పొదుపుచేయుట. మనుష్యుని మెదడు సుమారు 20 వాట్లతో పనిచేయును. అమెరికాలోని ఓక్ రిడ్జ్ ప్రయోగశాలయందలి ‘ఫ్రాంటియర్’ మహాగణనయంత్రమునకు రమారమి 20 మెగావాట్లు, అనగా దానికి పదిలక్షల రెట్లు, కావలెను. అయితే ఈ పొదుపును లెక్కించువారు పోషణవ్యయమును మరువరాదు. కణములను రేయింబవళ్లు 37 డిగ్రీల వెచ్చదనమున ఉంచి, పోషకద్రవమును తరచు మార్చుచుండవలెను. సూక్ష్మజీవులు చొరబడినచో పాత్రలోని కణములన్నియు నశించును. గుండ్రని ముద్దలుగా పెంచినచో రక్తనాళములు లేనందున, ముద్ద కొంత పెరుగగానే నడిమి కణములు చచ్చిపోవును. అన్నిటికంటె పెద్ద చిక్కు, నేర్చిన విద్య కణములతోనే గతించుట. మామూలు కంప్యూటరు ప్రోగ్రామును వేయి యంత్రములకెక్కింపవచ్చును. ఈ పాత్రలోని నేర్పును ప్రక్క పాత్రకైనను మార్చలేము. కావున దీనివలన గుమాస్తాల కొలువులు పోవునన్న భయమునకు ఇప్పటికి ఆధారము లేదు. మూర్ఛరోగి కణములనుండి పెంచిన నాడీజాలముపై ముందుగా మందును పరీక్షించి చూచుటయే, నా దృష్టిలో, దీని తొలి సార్థక్యము.

ఇక దాత విషయము. 1951లో బాల్టిమోరులోని జాన్స్ హాప్కిన్స్ ఆసుపత్రిలో హెన్రియెట్టా లాక్స్ అను నల్లజాతి స్త్రీ గర్భాశయముఖ క్యాన్సరుతో చేరగా, ఆమె కణితినుండి తీసిన కణములు ఆమెకు తెలియకయే ప్రయోగశాలకు పోయినవి. ఆ అక్టోబరులో ఆమె మరణించెను. కణములు మాత్రము నేటికిని ప్రపంచమంతట పెరుగుచున్నవి, పోలియో టీకా పరీక్షలకును తోడ్పడినవి. రెండు దశాబ్దములు గడచినగాని ఆ సంగతి కుటుంబమునకు తెలియలేదు. అదే జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయమునకు చెందిన థామస్ హార్టుంగ్ ప్రభృతులు 2023లో మెదడుకణముల ముద్దలతో గణనము చేయు శాస్త్రమును ప్రతిపాదించుచు, నీతిశాస్త్రవేత్తలు ఆరంభమునుండియు తోడుండవలెనని కోరుట ఎంతయు హర్షణీయము.

అది చాలునా? ఏదో వ్యాధిని గూర్చిన పరిశోధనకని చర్మమిచ్చి సంతకము చేసిన దాత, తన జన్యువులుగల నాడీకణములు గణనయంత్రమున భాగమై ఆటలాడునని తలచియుండడు. దాతను మరల అడుగవలెను: ఏ పనికి, ఎంతకాలము, ఎవరి లాభమునకు అని విప్పి చెప్పి అడుగవలెను, వలదన్నచో ఆ కణములను ప్రక్కన పెట్టవలెను. కార్టికల్ ల్యాబ్స్ 2025లో, మానవ నాడీకణములను ఆరు నెలలవరకు బ్రదికించు యంత్రమును అమ్మకమునకు పెట్టినది. కావున ఈ అడుగుట ఇక వాయిదా వేయదగినది కాదు.