కోటీశ్వరుడి గాయం, పాఠకురాలి తీర్పు

అతనికి అన్నీ ఉంటాయి. మేడ, కారు, పిలిస్తే పలికే నౌకర్లు, ఒక్క సంతకంతో వందలమందికి జీతాలిచ్చే హోదా. కంటినిండా నిద్ర మాత్రం ఉండదు. చిన్నప్పుడు తల్లి దగ్గరకు తీసి ఉండదు, లేదా నమ్మిన మనిషి నట్టేట ముంచి ఉంటుంది. ఆమెకేమో ఒక చిన్న ఉద్యోగం, తలవంచని ఆత్మాభిమానం తప్ప వేరే ఆస్తి లేదు. ఆమె మనసులోనూ మానని దెబ్బ ఒకటుంటుంది. వీళ్ళిద్దరూ ఎదురుపడిన దగ్గర్నుంచి పాఠకురాలికి పుస్తకం కింద పెట్టబుద్ధి కాదు.

ప్రపంచమంతా ఈ కథ వెంటపడి పదేళ్ళు దాటింది. 2011లో ఇ.ఎల్. జేమ్స్ ‘ఫిఫ్టీ షేడ్స్ ఆఫ్ గ్రే’ వచ్చింది. మరుసటి ఏడాది సిల్వియా డే ‘బేర్డ్ టు యూ’ వచ్చింది. అందులో గిడియన్ క్రాస్ న్యూయార్క్ కోటీశ్వరుడు, ఈవా కొత్తగా ఉద్యోగంలో చేరిన అమ్మాయి. ఇద్దరూ చిన్నతనంలో లైంగిక హింసకు గురైనవాళ్ళే. పడకగది తలుపులు తీసిపెట్టి రాసిన నవలలివి. విమర్శకులు చాలామంది ముఖం చిట్లించారు, పాఠకులు ఎగబడి కొన్నారు. ఇప్పుడదే కథ తెలుగులో భాగాలు భాగాలుగా ఫోన్లోకి వచ్చేసింది. 2014లో మొదలైన ప్రతిలిపిలాంటి యాప్ తెరిస్తే చాలు, సీఈవో మొగుళ్ళు, కాంట్రాక్టు పెళ్ళిళ్ళు వరసగా కనిపిస్తాయి. కాకినాడ భానుగుడి సెంటర్లో ఆటో కోసం నిలబడి ఫోన్లోంచి తల ఎత్తని అమ్మాయి చదువుతున్నది ఇదే కావచ్చు.

అయితే కాకినాడకు ఈ కోటీశ్వరుడు కొత్తవాడేం కాదు. రామారావుపేటలోనో గాంధీనగర్‌లోనో, నవలలు చదివే అలవాటున్న డెబ్బై దాటిన పెద్దావిడ దగ్గర కూర్చుని ‘రాజశేఖరం’ అని చూడండి. ఏ రాజశేఖరం అని ఆవిడ అడగరు.

ఆరడుగుల అందగాడు

యద్దనపూడి సులోచనారాణి ‘సెక్రటరీ’ 1960ల నడుమ జ్యోతి మాసపత్రికలో సీరియల్‌గా వచ్చింది. రచయిత్రిది కృష్ణాజిల్లా కాజ. అప్పటికింకా పాతికేళ్ళ ప్రాంతపు వయసు. ఆమె సృష్టించిన రాజశేఖరం ఆరడుగుల అందగాడు, ఐశ్వర్యవంతుడు, పొడి మాటల మనిషి. జయంతి మధ్యతరగతి పిల్ల. అతని దగ్గర సెక్రటరీగా చేరుతుంది. అతని చుట్టూ తిరిగే ఆడవాళ్ళ గురించి విన్నవీ కన్నవీ ఆమెను వెనక్కి లాగుతుంటాయి. అతనికీ పంతమే. నవలంతా కలిపి చూసినా ఒళ్ళు తగిలే ఘట్టాలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. అయినా నెలనెలా పత్రిక కోసం ఎదురుచూసిన పాఠకులకు ఆ కాస్తే చాలా వేడి. ఒక చూపు, కారు తలుపు తీసి పట్టుకున్న ఒక చెయ్యి, చెప్పబోయి మింగేసిన ఒక మాట. మిగిలింది చదివేవాళ్ళే పూరించుకున్నారు.

ఆ నవలను 1976లో సురేష్ సంస్థ సినిమాగా తీసింది. అక్కినేని, వాణిశ్రీ నటించారు, కె.ఎస్. ప్రకాశరావు దర్శకుడు. అంతకు ఐదేళ్ళ ముందే, 1971 సెప్టెంబరు 24న, అదే సంస్థ, అదే దర్శకుడు, అదే జంట కలిసి ‘ప్రేమ్‌నగర్’ ఇచ్చారు. దానికి మూలం కోడూరి కౌసల్యాదేవి నవల. ఆవిడదే ‘చక్రభ్రమణం’ అప్పటికే ‘డాక్టర్ చక్రవర్తి’గా 1964లో తెరకెక్కి ఉంది.

గాయపడ్డ కోటీశ్వరుడు అన్న మాటకు తెలుగులో అచ్చమైన రూపం ప్రేమ్‌నగర్ కల్యాణే. జమీందారు బిడ్డ. తాగుడు, తిరుగుళ్ళు. తల్లి లాలన ఎరగడు, పెంచిందంతా ఆయా. లత అతని దగ్గర సెక్రటరీగా చేరి, మనిషిని మనిషిగా నిలబెడుతుంది. తీరా ఆమె మీద నింద పడ్డ రోజున అతనే ఆమెను అనుమానిస్తాడు. లత ఏడ్చి కాళ్ళ మీద పడదు, లేచి వెళ్ళిపోతుంది. ఎంత డబ్బున్నా, ఎంత బాధపడ్డా, అనుమానించినవాడికి క్షమాపణ తేలిగ్గా దొరకదు. ఈ కథ తమిళంలో ‘వసంత మాళిగై’గా 1972లో, హిందీలో 1974లో మళ్ళీ వచ్చి ఆ ప్రేక్షకులనూ కదిలించిందంటే కారణం మేడ సెట్టింగు ఒక్కటే అయి ఉండదు. అసలు కారణం లత లేచి వెళ్ళిపోవడమేనని నేననుకుంటాను.

ఆ రోజుల్లో నవలా రంగమంతా రచయిత్రులదే. మగ రచయితలు కొందరు ఆడపేర్లతో రాసుకున్న కాలం అది. గౌరవం మాత్రం ఆ రంగానికి దక్కలేదు. కాలక్షేపం రాతలన్నారు, పగటి కలలన్నారు. ఆడపిల్లలు కారున్నవాడి కోసం కాచుక్కూచుంటున్నారని సభల్లో వాపోయారు. అభ్యుదయవాదుల మందలింపు ఒకవైపు, ఇంట్లో పెద్దల చీవాట్లు ఇంకోవైపు. చదివేవాళ్ళను పిలిచి ‘నీకిందులో ఏం నచ్చిందమ్మా?’ అని అడిగినవాళ్ళు చాలా తక్కువ.

పుస్తకం అంచున పెన్సిల్ రాత

అడక్కపోయినా వాళ్ళు చెప్పారు. అద్దె పుస్తకాల షాపులు చూసినవాళ్ళకు ఈ సంగతి తెలుసు. డిపాజిట్ కట్టించుకుని రోజు లెక్కన అద్దెకిచ్చేవారు. పుస్తకాన్ని దారంతో కుట్టి, దళసరి అట్ట వేసి, దాని మీద నంబరు రాసేవారు. పెద్దమ్మాయిలు తాము వెళ్ళకుండా తమ్ముడి చేతికి చీటీ ఇచ్చి తోలేవారు. ‘సులోచనారాణిది పట్టుకెళ్ళారండి, ఎల్లుండి రండి’ అన్న జవాబు విని ఆ పిల్లాడు ఉత్త చేతులతో తిరిగొచ్చేవాడు. దొరికిన రోజున ఒక్క అద్దె మీద ఇంట్లో నలుగురు చదివేసేవారు. మధ్యాహ్నం అన్నాలయ్యాక వదిన, సాయంత్రం ఆడబిడ్డ, దీపాలు పెట్టాక అమ్మ, తెల్లవారుజామున పక్కింటావిడ.

అలా ఊరంతా తిరిగిన పుస్తకం అంచుల్లో పెన్సిల్ రాతలుండేవి. నాయికను పేరు పెట్టి పిలిచి వెళ్ళొద్దని బతిమాలినవి. నాయకుణ్ణి తిట్టినవి. కళ్ళనీళ్ళు పెట్టుకున్న చోట అడ్డగీత గీసి, కింద ఏమీ రాయనివి. ముందు ఎవరో నాయకుణ్ణి పొగిడితే, కింద ఇంకో దస్తూరీలో అది తప్పని కొట్టేసినవి. ఒకరి ముఖం ఒకరు చూడని ఆడవాళ్ళు ఒకే పేజీ మీద వాదించుకున్నారు. తెలుగు నవల మీద జరిగిన అసలైన చర్చల్లో ఇదొకటి. సాహిత్య చరిత్రల్లోకి మాత్రం ఎక్కలేదు.

పాఠకురాళ్ళను అడిగి వినే పని అమెరికాలో ఒకరు శ్రద్ధగా చేశారు. జానిస్ రాడ్వే అనే పరిశోధకురాలు ఒక ఊళ్ళో ప్రేమ నవలలు చదివే గృహిణులతో కూర్చుని మాట్లాడి, 1984లో ‘రీడింగ్ ది రొమాన్స్’ అనే పుస్తకం రాశారు. వాళ్ళు చెప్పింది వింటే మన వీధి ఆడవాళ్ళ మాటలే గుర్తొస్తాయి. పుస్తకం చేతిలో ఉన్నంతసేపు ఆ సమయం తమదని చెప్పారు. ఇంటిల్లిపాదికీ చేసి పెట్టే మనిషికి ఎవరూ చేసి పెట్టరు, ఆ లోటు నవల తీరుస్తుందన్నారు. నాయకుడు కటువుగా ఉన్నా ఓర్చుకుంటాం, చివరికి ఆమెను అర్థం చేసుకుని మారాలన్నారు. బలాత్కారం ఉన్న పుస్తకాలను వాళ్ళు ఇష్టపడలేదు. బయటి నుంచి చూసినవాళ్ళు ఆ పాఠకులకు విచక్షణ లేదనుకున్నారు. వాళ్ళ దగ్గర మాత్రం మంచి నవలకూ చెడ్డ నవలకూ గట్టి కొలతలున్నాయి.

మన దగ్గర ఆ కొలతలు ఇంకాస్త వేరు. నాయకుడికి డబ్బెందుకుండాలి? గోదావరి జిల్లాల్లో పెళ్ళిచూపుల్లో కూర్చున్న పిల్లకు ఈ ప్రశ్న అక్కర్లేదు. ఎకరాలెన్ని, లాంఛనాలెంత, ఆడపడుచు కట్నం ఎంత అని హాల్లో బేరం నడుస్తుంటే పక్క గదిలో ఉండి విన్న పిల్ల ఆవిడ. వరకట్న నిషేధ చట్టం 1961లో వచ్చింది, ‘సెక్రటరీ’ ఆ తర్వాత కొద్ది సంవత్సరాలకే వచ్చింది. చట్టం పెళ్ళిపందిరి దాకా రాలేదు, రాజశేఖరం మాత్రం నవల్లో వచ్చాడు. అతను ఐశ్వర్యవంతుడు కాబట్టి ఆమె తండ్రి దగ్గర చెయ్యి చాచడు. అమ్మ ఒప్పుకోలేదనో, బాబాయి అలిగాడనో అనడు. ఉమ్మడి ఇంట్లో తనకంటూ ఒక గది లేని పాఠకురాలికి అతని మేడ కనిపించిందంటే, ఆ మేడలో ఆమె చూసుకున్నది తలుపు వేసుకోవడానికి వీలున్న ఒక గది. దీన్ని ఆశపోతుతనం అన్నవాళ్ళు ఆమె బతికిన ఇల్లు చూడలేదు.

గాయం సంగతి ఇంకా లోతైనది. మన ఇళ్ళల్లో మగవాడు తన బాధ చెప్పుకోడు. నాన్న ఏడవగా చూసినవాళ్ళెందరు? ముప్పై ఏళ్ళు కాపురం చేసినా భర్త చిన్నతనంలో ఏం పోగొట్టుకున్నాడో తెలియని ఇల్లాళ్ళు మన చుట్టూ ఉన్నారు. నవల్లో కోటీశ్వరుడు ఒక రాత్రి నోరు విప్పుతాడు. అమ్మ గురించి చెబుతాడు. తప్పు నాదేనంటాడు. పాఠకురాలు మళ్ళీ మళ్ళీ చదివేది ఆ పేజీలనే. పడకగది కన్నా ఆ ఒప్పుకోలుకే ఎక్కువ వేడి ఉంది. మగవాడు తనంతట తాను వచ్చి క్షమించమని అడగడం కన్నా శృంగారం మన నవలలో ఏముంది?

దాచిన పత్రిక, తాళమున్న ఫోను

పడకగది గురించి కూడా సూటిగానే చెప్పుకోవాలి. యద్దనపూడి గీసిన గీత చాలాకాలం నిలిచింది. 1980ల్లో గోదావరి గట్టు నుంచే, రాజోలులో పుట్టిన యండమూరి వీరేంద్రనాథ్ ప్రభంజనంలా వచ్చాక ప్రేమతోపాటు భయం, సస్పెన్స్, డబ్బు కలిశాయి. 1984లో మొదలైన స్వాతి వారపత్రిక సరసమైన కథలనూ డాక్టర్ సమరం గారి లైంగిక సలహాల శీర్షికనూ ప్రతి వారం ఇంటికి తెచ్చింది. దాన్ని దిండు కింద పెట్టి చదివినవాళ్ళూ, దాచకుండా చదివినవాళ్ళూ ఉన్నారు. ఇప్పుడు దాచే పని లేదు, ఫోనుకు తాళం ఉంది. కోరిక ఆడదాని వైపు నుంచి రాయడం తప్పని నేననుకోను. మన సాహిత్యంలో అది ఎక్కువగా మగవాడి కళ్ళతోనే జరిగింది. ఒక ఇల్లాలు తోటి ఇల్లాళ్ళ కోసం రాస్తుంటే, వాళ్ళు ‘అక్కా, నెక్స్ట్ పార్ట్ త్వరగా’ అని అడుగుతుంటే అది సిగ్గుపడాల్సిన సంగతి కాదు.

నాకు బాధ కలిగించేది వేరే ఉంది. ఈమధ్య కథలు కొన్నింటిలో గాయం లైసెన్సుగా మారింది. చిన్నప్పుడు దెబ్బ తిన్నాడు కాబట్టి ఆమె ఫోను తీసి చూస్తాడు. అమ్మ వదిలేసింది కాబట్టి ఆమెను గదిలో పెట్టి గొళ్ళెం వేస్తాడు. వద్దన్నా చెయ్యి పట్టుకుంటాడు, అదంతా ప్రేమేనని మూడో భాగంలో తేలుతుంది. ఇది ప్రేమ కాదు, దౌర్జన్యం. దానికి సూటు తొడిగి, కారెక్కించి అందంగా చూపించడం చదివే పిల్లలకు ద్రోహం. ‘ప్రేమ్‌నగర్’ లత ఒక్క అనుమానాన్నే సహించలేదు. యాభై ఏళ్ళ తర్వాతి నాయిక చెంపదెబ్బను సహిస్తోందంటే మనం ముందుకు వచ్చామా?

పాఠకుల్లోనే దీని మీద రెండు పక్షాలున్నాయి. ‘పాపం, వాడి కష్టం మీకు తెలీదు’ అనేవాళ్ళు ఒకవైపు, ‘కష్టముంటే డాక్టరు దగ్గరకెళ్ళాలి గానీ పెళ్ళాం మీద చెయ్యెత్తుతాడా’ అనేవాళ్ళు ఇంకోవైపు. ఇదే వాదం కొలీన్ హూవర్ ‘ఇట్ ఎండ్స్ విత్ అజ్’ మీద ప్రపంచమంతా జరిగింది. 2016 నాటి ఆ నవల్లో భర్త పేరున్న డాక్టరు. చిన్నతనంలో పెద్ద ఘోరం చూసినవాడు. అతని మీద జాలిపడుతూనే భార్య అతన్ని విడిచిపెడుతుంది, పుట్టిన బిడ్డ కోసం. జాలి వేరు, సహించడం వేరని ఆ రచయిత్రి స్పష్టంగా రాసింది. మన దగ్గరా ఆ మాట అనే పాఠకురాళ్ళు ఎప్పుడూ ఉన్నారు. రాజశేఖరం కోసం కలవరించినవాళ్ళే, అదే షాపులో, మగవాడి పెత్తనాన్ని ప్రశ్నించిన, పశ్చిమగోదావరి బొమ్మిడిలో పుట్టిన రంగనాయకమ్మ నవలలూ అద్దెకు తెచ్చుకున్నారు. కల ఏదో, కాపురం ఏదో వాళ్ళకు తెలుసు.

వాళ్ళ జ్ఞాపకశక్తి ఎంత గట్టిదో 2016లో ఒకసారి తేలింది. ‘అ ఆ’ సినిమా చూసినవాళ్ళలో పాత పాఠకులు ఇది ‘మీనా’ కదా అని గుర్తుపట్టారు. డబ్బున్న అమ్మాయి పల్లెకు వచ్చి బావ మీద మనసుపడే ఆ యద్దనపూడి నవలను విజయనిర్మల 1973లోనే తీశారు. కొత్త సినిమా టైటిల్స్‌లో మొదట రచయిత్రి పేరు లేదు. విమర్శ వచ్చాక వేశారు. తమ రచయిత్రికి అన్యాయం జరిగిందని గట్టిగా అన్నది ఒకప్పుడు తెలివితక్కువవాళ్ళని పేరుపడ్డ పాఠకులే. రెండేళ్ళ తర్వాత, 2018 మే నెలలో, సులోచనారాణి కాలిఫోర్నియాలో కన్నుమూశారు. ఆవిడ పోయారని తెలిసి గోదావరి జిల్లాల్లో సొంత మనిషి పోయినట్టు బాధపడ్డ ఇళ్ళున్నాయి.

అద్దె పుస్తకాల షాపులు చాలావరకు మూతపడ్డాయి. ఆ పుస్తకాలు తూకానికి పోయాయి, అంచుల్లోని రాతలూ వాటితోపాటే పోయాయి. మిగిలింది ఇళ్ళల్లో ఉన్న సరుకే. వారపత్రికల నుంచి చింపి, వరసగా పేర్చి, కుట్టించుకున్న సీరియళ్ళు ఇంకా కొన్ని అటకల మీద ఉన్నాయి. మన ఊరి ఉప్పుగాలికీ చెదలకూ అవి ఎక్కువకాలం ఆగవు. మీ అమ్మగారిదో అత్తగారిదో అలాంటి బైండు మీ ఇంట్లో ఉంటే దయచేసి పాత పేపర్లవాడికి వెయ్యకండి. ఆవిడ ఉండగానే పక్కన కూర్చుని, ఏ పేజీ దగ్గర ఏడ్చారో, ఏ నాయకుణ్ణి క్షమించలేకపోయారో అడిగి, ఆవిడ మాటల్లోనే ఆ అట్ట లోపలి వైపు రాసి, తేదీ వేసి, ఊరి గ్రంథాలయానికి ఇవ్వండి.