కాటలాన్ మంచుజీను: అంటార్కిటికాలో ఒక స్థలనామం

రెండు శిఖరాల నడుమ పర్వతపు గట్టు కిందికి వంగి, తిరిగి పైకి లేచే చోటు గుర్రపు జీనును పోలి ఉంటుంది. గట్టు వెంబడి నడిచేవారికి అది దారిలో అత్యల్ప స్థానం. ఒక లోయ నుంచి మరొక లోయకు దాటేవారికి అదే అత్యున్నత స్థానం. ధ్రువప్రాంతాల్లో ఇటువంటి చోట రాయి కనిపించదు. నేలరూపంగా కనిపించేదంతా మంచే. ఆ మంచు మందం పెరిగినా తరిగినా స్థలం ఎత్తు మారుతుంది. అక్కడ కురిసిన మంచు ఇరువైపులా వేర్వేరు హిమానీనదాల్లోకి జారిపోతుంది.

అంటార్కిటికాకు చెందిన దక్షిణ షెట్లాండ్ దీవుల్లో లివింగ్‌స్టన్ ద్వీపం ఒకటి. దాని తూర్పు భాగంలో సుమారు 30 కిలోమీటర్ల పొడవున తంగ్రా పర్వతాలున్నాయి. వాటిలో ఎత్తైనది సుమారు 1,700 మీటర్ల ఫ్రీస్‌లాండ్ శిఖరం. దానికి వెళ్లే దారిలోని ఒక మంచుజీనుకు కాటలోనియా పేరు ఉంది. స్పెయిన్‌కు చెందిన హువాన్ కార్లోస్ I స్థావరం నుంచి బయలుదేరిన కాటలాన్ పర్వతారోహకులు ఫ్రాన్సెస్క్ సబాత్, జోర్జి ఎన్రికే 1991 డిసెంబరు 30న ఈ జీను మీదుగా ఆ శిఖరాన్ని తొలిసారి అధిరోహించారు. పేరు పెట్టినది మాత్రం వారు కాదు, స్పెయినూ కాదు, బల్గేరియా.

అంటార్కిటికాలో స్థానిక జనావాసం లేదు. తెలుగునాట ఊరిపేరు ఎవరు ఎప్పుడు పెట్టారో సాధారణంగా తెలియదు. నోటి వాడుకే దానికి ఆధారం. ఇక్కడ పేరుకు తేదీ, కారణం, పెట్టిన సంఘం అన్నీ నమోదై ఉంటాయి. 1959 నాటి అంటార్కిటిక్ ఒప్పందం ఖండంపై సార్వభౌమాధికార వాదాలను పక్కన పెట్టినా, నామకరణాన్ని ఏ ఒక్క సంస్థకూ అప్పగించలేదు. అందువల్ల ఒకే స్థలానికి వేర్వేరు దేశాలు వేర్వేరు పేర్లు పెట్టిన సందర్భాలున్నాయి. ఈ ద్వీపాన్నే 1821లో రష్యా నావికుడు బెల్లింగ్స్‌హౌజెన్ స్మొలెన్‌స్క్ అన్నాడు. అటువంటి చోట ఒక దేశపు సంఘం వేరొకరి తొలి అధిరోహణను తన పటంలో నిలపడం చిన్న విషయం కాదు.

1994లో ఏర్పడిన బల్గేరియా అంటార్కిటిక్ స్థలనామ సంఘం ఈ పేరును 'కాతలున్‌స్కా సెద్లోవినా'గా రూపొందించింది. బల్గేరియన్‌లో 'సెద్లో' అంటే జీను. 'సెద్లోవినా' జీనురూపపు నేల. ఇంగ్లీషు 'శాడిల్' కూడా అదే ఉపమానం. పర్వతారోహకులు వాడే ఫ్రెంచి మాట 'కోల్'కు మూలార్థం వేరు, మెడ. మరి తెలుగులో? 'కనుమ' ముందుగా స్ఫురిస్తుంది. కానీ కనుమ అంటే కొండల నడుమ దారి. అది ఉపయోగాన్ని చెబుతుంది, రూపాన్ని కాదు. మనుషులు ఎన్నడూ దాటని జీనులూ ఉంటాయి. పైగా 'తూర్పు కనుమలు' అన్న పాఠ్యపుస్తక ప్రయోగంతో ఆ మాట పర్వతశ్రేణికే పర్యాయంగా స్థిరపడింది. పారసీకం నుంచి వచ్చి తెలుగులో ఇమిడిన 'జీను'ను భూగోళ పరిభాషలోకి తీసుకోవడమే మేలు. మంచు కప్పినదైతే 'మంచుజీను' అనవచ్చు.

విశేషనామాల సమస్య వేరు. అంటార్కిటిక్ పేర్లను రోమన్ లిపిలో రాయడానికి బల్గేరియా సంఘం 1995లో ఒక లిప్యంతరీకరణ పద్ధతిని చేపట్టింది. జనసంచారం లేని మంచుకొండల కోసం మొదలైన ఆ పద్ధతే 2009లో బల్గేరియా చట్టంలోకి, 2012లో ఐక్యరాజ్యసమితి ఆమోదంలోకి వెళ్లింది. ఇప్పుడు ఆ దేశపు వీధుల పేర్లకూ అదే వర్తిస్తుంది.

తెలుగులోకి ఈ పేర్లు ఇంగ్లీషు మీదుగా వస్తే 'టాంగ్రా', 'లియాస్కోవెట్స్' అవుతాయి. బల్గేరియన్ 'త' దంత్యం. తెలుగులో దానికి సరిపోయే అక్షరం ఉండగా మూర్ధన్యం అవసరం లేదు. మూలలిపిని చూసి రాస్తే 'తంగ్రా' వస్తుంది. లివింగ్‌స్టన్ ద్వీపాన్ని సర్వే చేస్తూ ల్యుబొమిర్ ఇవనోవ్, దోయ్‌చిన్ వసిలెవ్ 2004 డిసెంబరు 14న తొలిసారి ఎక్కిన 1,473 మీటర్ల శిఖరం 'లియాస్కోవెత్స్' అవుతుంది.