బిడ్డ బేరానికి సరుకు కాదు

తలాఖ్‌తోనో, ఖులాతోనో భార్యాభర్తల బంధం తెగిపోవచ్చు. కాని తల్లి తల్లిగానే, తండ్రి తండ్రిగానే ఉంటారు. ఈ సంగతిని మనం తరచుగా మరచిపోతున్నాం.

జమాఅత్ పెద్దల ముందు జరిగిన పంచాయితీలలో మేమూ కూర్చున్నాము. "ఖులా కావాలా? అయితే పిల్లవాణ్ణి వదులుకో" అన్న మాట విన్నాము. ఆ తల్లి కళ్లు తుడుచుకుంటూ వేలిముద్ర వేయగానే "సులహ్ అయిపోయింది" అని అందరూ లేచారు. ఆనాడు మేమూ మౌనంగానే లేచాము. ఆ మౌనం నేటికీ మమ్మల్ని బాధిస్తోంది.

అది సులహ్ కాదు, బేరం. హనఫీ ఫిఖ్‌హ్ ప్రకారం ఇటువంటి ఖులా చెల్లుతుంది గాని, ఆ షరతు చెల్లదు. ఎందుకంటే హిజానత్, అంటే పసిబిడ్డ పెంపకం, తల్లి హక్కు మాత్రమే కాదు. బిడ్డ హక్కు కూడా.

హజ్రత్ ఉమర్ (రజి) తమ అన్సారీ భార్యతో విడిపోయారు. ఒకనాడు ఖుబా మస్జిద్ ఆవరణలో ఆడుకుంటున్న కుమారుడు ఆసిమ్‌ను చూసి తమ వాహనంపై ఎక్కించుకున్నారు. పిల్లవాడి అమ్మమ్మ అడ్డుపడింది. తగవు ఖలీఫా హజ్రత్ అబూబక్ర్ (రజి) ముందుకు వెళ్లింది. బిడ్డను ఆమెకే వదిలిపెట్టమని ఆయన తీర్పు చెప్పారు. హజ్రత్ ఉమర్ (రజి) మారుమాట పలకలేదు. ఇమామ్ మాలిక్ 'ముఅత్తా'లో ఉన్న ఉదంతమిది. అంతటి ధీరుడు తలవంచగా లేనిది, మన పరువుకు వచ్చిన లోటేమిటి?

బిడ్డ మూలంగా తల్లిని గాని, తండ్రిని గాని కష్టపెట్టకూడదని దివ్య ఖురాన్ (2:233) ఆదేశిస్తోంది. పాలు మాన్పించే విషయంలో సైతం ఇద్దరూ సంప్రదించుకుని, సమ్మతితో నిర్ణయించుకోవాలని అదే ఆయత్ బోధిస్తోంది. పాల విషయమే అలా ఉంటే, బ్రతుకు విషయంలో సంప్రదింపు ఎంత అవసరమో మనం ఆలోచించాలి.

హనఫీ విధానంలో సాధారణంగా మగపిల్లవాడు ఏడేళ్ల వరకు, ఆడపిల్ల యుక్తవయస్సు వరకు తల్లి వద్ద ఉంటారు. పోషణ ఖర్చు తండ్రిదే. రాజీపత్రంలో ఈ విషయాలు స్పష్టంగా వ్రాయాలి: బిడ్డ ఎవరి వద్ద ఉండాలి, రెండోవారు ఏ రోజుల్లో చూడాలి, ఈద్ ఎవరింట జరగాలి, ఫీజు, మందుల ఖర్చు ఏ తేదీకి అందాలి.

ఆ పత్రాన్ని పెట్టెలో దాచుకుంటే చాలదు. 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం ప్రకారం, వీలున్నచోట రాజీకి మొదట ప్రయత్నించడం న్యాయమూర్తి బాధ్యత. అక్కడ నమోదు చేయించుకుంటే రేపు ఒకరు మాట తప్పినా రెండోవారికి ఆధారం ఉంటుంది. 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం కూడా బిడ్డ క్షేమాన్నే చూడమంటుంది.

పెద్దలారా! ఈసారి పంచాయితీలో కూర్చున్నప్పుడు, ఎవరు గెలిచారని అడగకండి. ఈ రాత్రి బిడ్డ ఏడవకుండా నిద్రపోతుందా అని అడగండి.