నల్లమలలో ఒక రోజు: చెట్టూ, చెంచూ

న్యూజిలాండ్ ఉత్తర కొసన వైపోవా అనే అడవి ఉంది. అందులో తానె మహుత అనే పేరున్న ఒక కౌరి చెట్టు నిలబడి ఉంది. ఎత్తు దాదాపు 50 మీటర్లు, మాను చుట్టుకొలత 13 మీటర్లకు పైనే. వయసు వెయ్యేళ్లు ఎప్పుడో దాటిందంటారు, రెండు వేలని చెప్పేవాళ్లూ ఉన్నారు. మావోరీల పురాణంలో తానె అడవుల దేవుడు. గట్టిగా పెనవేసుకున్న ఆకాశ తండ్రినీ భూమి తల్లినీ విడదీసి, లోకానికి వెలుతురు తెచ్చినవాడు. ఆ అడవిని కాచుకునేది తె రొరోవా అనే మావోరీ తెగ. పొద్దువాలే వేళ మావోరీ గైడ్లే సందర్శకుల్ని వెంటబెట్టుకుని లోపలికి తీసుకెళ్తారు. ముందు ప్రార్థన, ఆ తర్వాత నడక, నడకలో కథలు, చెట్టు ముందు పాట. అడవిలో అడుగుపెట్టే ముందు బూట్లు రుద్ది, మందు నీళ్లతో కడుక్కోవాలి. కౌరి వేళ్లను కుళ్లబెట్టే తెగులు మట్టితో పాటు పాకుతుంది గనుక ఆ నియమం పెట్టారు.

పెద్ద చెట్లు, వాటితో బతికిన మనుషులు, రెండూ ఒక్క రోజులో. ఈ అవకాశం కర్నూలు, కడప వాళ్లకు గడప దాటితే ఉంది. ఏటా లక్షల మంది శ్రీశైలానికీ అహోబిలానికీ నల్లమల మీదుగానే వెళ్తారు. బస్సు కిటికీలోంచి అడవి చూస్తారు, కోతులకు అరటిపళ్లు విసురుతారు (అది కూడదు), దర్శనం చేసుకుని తిరిగొస్తారు. చెట్టు పేరు తెలియదు, పక్కన నిలబడ్డ చెంచు తెగ మనిషి పేరు అడగరు. నా మటుకు నాకు నల్లమల చెట్టును చెంచు మాట లేకుండా చూస్తే సగమే చూసినట్టు. ఎందుకో కాస్త వివరంగా చెప్తాను.

నల్లమల కొండలు కృష్ణ, పెన్న నదుల నడుమ ఉత్తర దక్షిణాలుగా సాగే తూర్పు కనుమల వరుస. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారాక పాత కర్నూలు జిల్లాలోని నల్లమల నంద్యాల జిల్లా కిందికి వచ్చింది. దక్షిణపు కొస కడప వైపు దిగుతుంది. 1983 నుంచి ఇక్కడ పులుల అభయారణ్యం ఉంది. విస్తీర్ణంలో దేశంలోకెల్లా పెద్దదిగా పేరున్న నాగార్జునసాగర్-శ్రీశైలం అభయారణ్యం ఇదే.

ఇక చెట్ల సంగతి. 50 మీటర్ల మాను కోసం ఇక్కడ వెతకొద్దు, దొరకదు. చెట్టు ఎత్తును నిర్ణయించేది నీరు. వేరు పీల్చిన నీరు సన్నటి నాళాల్లో తెగని ధారగా చిటారుకొమ్మ ఆకు దాకా ఎక్కాలి. నేల ఎండిపోయి, పైన ఎండ లాగేస్తుంటే ఆ ధారలో గాలి బుడగలు చేరి అది తెగిపోతుంది. చెట్టు ఎంత పొడుగైతే ఈ ప్రమాదం అంత ఎక్కువ. ఏడాదిలో నాలుగు నెలలు వాన, మిగతా కాలమంతా ఎండ ఉండే మన నేలలో చెట్టు అందుకే పొట్టిగా, గట్టిగా, నిదానంగా పెరుగుతుంది. మాఘం, ఫాల్గుణం వచ్చేసరికి ఆకు రాలుస్తుంది. ఏప్రిల్‌లో వెళ్లినవాళ్లు అడవి చచ్చిపోయిందని బాధపడతారు. అది చావు కాదు, నీటి పొదుపు. నల్లమల చెట్టు గొప్పదనం కొలవాలంటే తల పైకెత్తి లాభం లేదు, దగ్గరికెళ్లి బెరడు మీద చెయ్యి వేసి చూడాలి.

నల్లమద్దినే తీసుకోండి. బెరడు నల్లగా, మొసలి వీపులా నలుచదరపు పెళ్లలుగా పగిలి ఉంటుంది. ఆ మందం వల్లే వేసవిలో నేల మీద పాకే మంటకు లోపలి కండ కాలదు. అంతకు మించిన విశేషం మరొకటుంది. 2024 మార్చిలో పాపికొండల జాతీయ ఉద్యానవనంలో అటవీ అధికారులు ఒక నల్లమద్ది మాను మీద ఉబ్బిన చోట గాటు పెట్టగానే లోపలి నుంచి నీళ్లు కుళాయిలా చిమ్మాయి. ఆ వీడియో దేశమంతా తిరిగింది. చెట్టు తన మానులో నీళ్లు దాచుకుంటుందని అధికారులకు చెప్పింది అక్కడి కొండరెడ్డి గిరిజనులు. వాళ్లకది తరాలుగా తెలిసిన సంగతే. నల్లమలలోనూ ఈ చెట్టు విస్తారంగా ఉంది. అలాగని కత్తి పట్టుకుని ఎవరూ ప్రయోగం చేయొద్దు. గాయం మానడానికి చెట్టుకు ఏళ్లు పడుతుంది.

రాతి గుట్టల మీద తెల్లగా, దెయ్యంలా కనిపించే చెట్టు తపసి. ఆకులన్నీ రాలిన ఎండాకాలంలో దాని బెరడు మీది పలచటి కాగితం పొరలు లేచిపోయి ఉంటాయి. ఆ పొర కింద పచ్చదనం కనిపిస్తుంది. ఆకు లేని నెలల్లో బెరడే ఎండను వాడుకుని కొంత ఆహారం తయారుచేసుకుంటుంది. గాటు పెడితే కారే బంకను చెంచులు సేకరించి గిరిజన సహకార సంస్థకు అమ్ముతారు. మందుల తయారీలోనూ, కట్టుడు పళ్లు నిలబెట్టే జిగురులోనూ అది వాడతారు. గాటు ఎంత లోతు పెట్టాలి, ఒక చెట్టుకు ఎన్ని పెట్టాలి అన్న లెక్క తప్పితే చెట్టు ఎండిపోతుంది. ఆ లెక్క చేతికి తెలిసిన విద్య.

ఇప్పచెట్టు కిందికి చైత్రంలో తెల్లవారుజామున వెళ్తే నేలంతా పాలమీగడ రంగు పూలు రాలి ఉంటాయి, తియ్యటి మత్తు వాసన. ఎలుగుబంట్లకూ అదంటే ప్రాణం, అందుకే తెలిసిన మనిషి లేకుండా ఆ వేళకు ఆ చెట్టు దగ్గరికి వెళ్లకూడదు. మొర్రి పండు లోపలి పలుకే మన పాయసంలోకి వచ్చే సారపప్పు. ఎండాకాలం కర్నూలు, నంద్యాల, కడప సెంటర్లలో బండి దగ్గర నిలబడి తాగే నన్నారి షర్బత్‌కు వేర్లు ఇలాంటి కొండల మీది తీగలవే. వేరు మొత్తం పెళ్లగిస్తే తీగే పోతుంది, మరుసటి ఏటికి మిగలదు. కొంత వేరు మట్టిలోనే వదిలిపెట్టే ఓపిక ఉన్నచోటే తీగ నిలుస్తుంది. గ్లాసు పట్టుకున్నప్పుడు మనం ఈ సంగతి ఒక్కసారీ తలుచుకోం.

కడప వైపు వెళ్తే ఎర్రచందనం. లంకమల, పాలకొండలు, శేషాచలం, వెలిగొండ: సహజంగా పెరిగేది లోకం మొత్తంలో ఈ దక్షిణ తూర్పు కనుమల ప్రాంతంలోనే. మనిషి రెండు చేతులతో కౌగిలించుకోగలిగినంత మానే. కానీ చేవ ఎంత చిక్కనిదంటే నీళ్లలో వేస్తే మునుగుతుంది. జపాన్‌లో షమిసెన్ అనే తంత్రీవాద్యం మెడను చెక్కడానికి ఈ కర్రను ఎంతో విలువగా వాడారు. 1995 నుంచి అంతర్జాతీయ వన్యజీవి వాణిజ్య ఒప్పందం కింద దీని ఎగుమతి మీద నియంత్రణ ఉంది. పేరు చెప్పగానే మనకు స్మగ్లింగ్ వార్తలే గుర్తొస్తాయి, చెట్టు గుర్తుకు రాదు. కడప పిల్లల్లో ఎంతమంది బతికున్న ఎర్రచందనం చెట్టును చూశారో ఏ బడిలోనైనా అడిగి చూడండి.

అదే లంకమల దగ్గర ఇంకో సంగతి జరిగింది. 1900 తర్వాత ఎవరికీ కనబడక అంతరించిపోయిందనుకున్న కలివికోడి 1986 జనవరిలో కడప జిల్లా రెడ్డిపల్లి దగ్గర మళ్లీ దొరికింది. బొంబాయి ప్రకృతి చరిత్ర సంఘం శాస్త్రవేత్తలు అడవుల వెంట తిరిగి, బొమ్మలు చూపించి వాకబు చేస్తే, ఆ పిట్టను గుర్తుపట్టిందీ పట్టిచ్చిందీ స్థానికులే. ఆ పిట్ట కోసమే అక్కడ శ్రీలంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పడింది. పుస్తకంలో అంతరించిన పిట్ట ఊరి మనిషికి తెలిసిన పిట్టే.

కంటికి నిండుగా ఒక మహావృక్షాన్ని చూడాల్సిందే అనుకునేవాళ్లు వేరే రోజు పెట్టుకుని కదిరి దగ్గర తిమ్మమ్మ మర్రిమాను చూసి రావచ్చు. ఒక్క మొదలు నుంచి ఊడలు దిగి దిగి దాదాపు 5 ఎకరాలు పరుచుకున్న చెట్టు, 1989లో గిన్నిస్ పుస్తకానికెక్కింది. 15వ శతాబ్దంలో తిమ్మమ్మ సహగమనం చేసినచోట మొలిచిందని జనం నమ్మకం. పాలమూరు పిల్లలమర్రి కథ మాత్రం హెచ్చరికలాంటిది. ఊడలు పట్టుకుని ఊగేవాళ్లు, కొమ్మలెక్కి కూర్చునేవాళ్లు, పేర్లు చెక్కేవాళ్లు, వీటికి తోడు చెదలు. 2017 డిసెంబరులో పెద్ద కొమ్మ కూలింది. తర్వాత చెట్టుకు సెలైన్ సీసాలతో చెదల మందు ఎక్కించాల్సి వచ్చింది. మావోరీల అడవిలో బూట్లు కడిగించడం అతి అనిపిస్తే ఈ సీసాలను గుర్తు చేసుకోవాలి.

ఇప్పుడు చెంచుల దగ్గరికొద్దాం. ప్రభుత్వ లెక్కలో వీళ్లు అత్యంత బలహీన గిరిజన సమూహాల్లో ఒకరు. ఆస్ట్రియా నుంచి వచ్చిన మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ 1940లో అమ్రాబాద్ పీఠభూమి మీది చెంచుల మధ్య ఉండి, 1943లో వాళ్ల మీద పుస్తకం వేశారు. అప్పటికి వాళ్లు దుంపలు తవ్వుకుని, పండ్లు ఏరుకుని, వేటాడి బతికేవాళ్లు. ఇప్పుడు గూడేల్లో బడులున్నాయి, రేషన్ బియ్యం ఉంది, అటవీ శాఖలో పులుల జాడ తీసే పనివాళ్లుగా చాలామంది ఉన్నారు. తేనె పట్టడం మాత్రం ఆగలేదు. కొండకొమ్ము నుంచి తాడు మీద వేలాడుతూ పట్టు కోస్తారు. పైన ఆ తాడు పట్టుకునేది ఎవరనుకున్నారు? భార్య తోడబుట్టినవాడు. చెల్లెలి పసుపు కుంకుమలు తన చేతిలో ఉన్నాయని తెలిసినవాడు తాడు వదలడన్నది వాళ్ల ధీమా.

అడవిలో దారి చూపడం కూడా వాళ్లకు కొత్త పని కాదు. ఘాట్ రోడ్లు రాకముందు ఆత్మకూరు వైపు నుంచి వెంకటాపురం, నాగలూటి, పెద్దచెరువు, భీముని కొలను మీదుగా కాలినడకన శ్రీశైలం వెళ్లే యాత్రికులను అడవి దాటించి, రుసుము పుచ్చుకున్నది చెంచులే. ఉగాదికి కన్నడ భక్తులు ఇప్పటికీ ఆ దారిన నడుస్తారు. శ్రీశైలం మల్లన్న చెంచులకు చెంచు మల్లయ్య, అహోబిలం నరసింహుడు వాళ్లింటి అల్లుడు. చెంచులక్ష్మిని పెళ్లాడిన ఆ స్వామి కనుమ రోజున పారువేటకు బయల్దేరి, నలభై రోజులకు పైగా పల్లెపల్లెకూ తిరిగి తన పెళ్లికి తానే పిలుస్తాడు. ఆ వేడుకలో విల్లంబులతో నిలబడే చోటు చెంచులది. ప్రపంచంలో ఏ సందర్శక కేంద్రమూ కట్టి చూపించలేని సంప్రదాయం ఇది. సంక్రాంతి సెలవుల్లో వెళ్తే చూడొచ్చు.

రోజు ఎలా వేసుకోవాలి? కర్నూలు వాళ్లకు ఆత్మకూరు దాటాక వచ్చే బైర్లూటి దగ్గరవుతుంది. నంద్యాల వాళ్లకు గిద్దలూరు దారిలో పచ్చర్ల ఉంది. రెండు చోట్లా అటవీ శాఖ వన విహార శిబిరాలు నడుస్తున్నాయి, స్థానిక చెంచులకు వాటిలో పని ఉంది, జీపు సఫారీ ఉంటుంది. కడప వాళ్లకు మైదుకూరు, ఆళ్లగడ్డ మీదుగా అహోబిలం వీలు. ఎగువ అహోబిలం నుంచి భవనాశిని వాగు వెంట నడక, ఓపికుంటే అడవి లోపల చెంచులక్ష్మితో కొలువైన పావన నరసింహుడి దాకా. నవంబరు నుంచి ఫిబ్రవరి మంచి కాలం. వానాకాలం మూడు నెలలు సాధారణంగా సఫారీలు ఆపేస్తారు, బయల్దేరే ముందు కనుక్కోండి. ఆత్మకూరు-దోర్నాల ఘాట్ రోడ్డు రాత్రి 9 నుంచి ఉదయం 6 దాకా మూసి ఉంటుంది, తిరుగు ప్రయాణం దాన్నిబట్టి చూసుకోవాలి. పులి కనబడాలన్న పట్టు మాత్రం ఇంట్లోనే వదిలి రండి. పులి కోసం జీపు తొందర పెట్టినవాళ్లకు చెట్టు కనబడదు.

ఒక్క విషయం గట్టిగా చెప్పాలి. గూడెంలోకి చెప్పకుండా దూరి, గుడిసెలనూ పిల్లలనూ ఫోన్లలో తీసుకోవడం పర్యటన కాదు. అండమాన్‌లో జారవాలను రోడ్డు పక్కన ఆడించిన వీడియో 2012లో బయటపడి దేశం తలదించుకుంది. విల్లు పట్టుకుని నిలబడు, ఫొటో తీస్తాం అనడం దానికి చిన్న తమ్ముడే. వైపోవాలో కథ ఎంత చెప్పాలో, ఏది చెప్పకూడదో, ఎక్కడ ఆగాలో తీర్మానించేది మావోరీలు. డబ్బులో వాటా కూడా వాళ్లకుంది. మన దగ్గర జీపు, టికెట్టు, గది సిద్ధంగా ఉన్నాయి. చెట్టు ముందు ఆగి దాని పేరూ కథా చెప్పే పనిని పూర్తిగా చెంచు యువతీ యువకుల చేతికిచ్చి, దానికి తగిన జీతం కట్టే ఏర్పాటే ఇంకా బలపడాలి. అది అటవీ, పర్యాటక శాఖలు కలిసి చేయాల్సిన పని. మనం చేయగలిగింది కొంత ఉంది. గది బుక్ చేసేటప్పుడు చెంచు గైడు కావాలని అడగండి, నడకకు ఒక పూట కేటాయించండి, తేనె కొంటే గిరిజన సహకార సంస్థ దుకాణంలోనో, పట్టు కోసిన మనిషి దగ్గరో బేరమాడకుండా కొనండి.